సురేఖా సిక్రీ: తెలుగు ఇళ్లకు తెలిసిన ముఖం, చేరని గొంతు

న్యూఢిల్లీలోని విజ్ఞాన్ భవన్‌లో 2019 డిసెంబరు 23న 66వ జాతీయ చలనచిత్ర పురస్కారాల ప్రదానోత్సవం జరిగింది. ‘మహానటి’లో సావిత్రి పాత్ర పోషించిన కీర్తి సురేశ్ ఉత్తమ నటిగా ఎంపిక కావడంతో తెలుగు ప్రేక్షకుల దృష్టి సహజంగానే అటువైపు నిలిచింది. నాటి ఉపరాష్ట్రపతి ఎం.వెంకయ్యనాయుడు పురస్కారాలు అందజేసిన అదే వేదిక మీదికి 74 ఏళ్ల నటి ఒకరు చక్రాల కుర్చీలో వచ్చారు. ఉత్తమ సహాయ నటిగా ఆమె పేరు పిలిచినప్పుడు సభ యావత్తూ లేచి నిలబడి చప్పట్లు కొట్టింది. ఆమె సురేఖా సిక్రీ. అప్పటికి ఏడాది క్రితమే పక్షవాతం బారిన పడి కోలుకుంటున్నారు.

అదే విభాగంలో ఆమెకు అది మూడో జాతీయ పురస్కారం. మొదటిది 1987వ సంవత్సరపు పురస్కారాల్లో ‘తమస్’కు, రెండోది 1994కు గాను ‘మమ్మో’కు వచ్చాయి. మూడోది 2018లో విడుదలైన ‘బధాయీ హో’కు. రెండోదానికీ మూడోదానికీ మధ్య 24 ఏళ్ల ఎడం ఉంది. ఉత్తమ సహాయ నటి విభాగంలో మూడుసార్లు నెగ్గిన నటి ఇంకొకరు లేరు.

ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో ఈ పేరు వినగానే గుర్తుపట్టేవారు తక్కువే కావచ్చు. ముఖం చూపితే మాత్రం చాలా ఇళ్లలో వెంటనే గుర్తుపడతారు. మా టీవీలో తెలుగు అనువాదంగా ప్రసారమైన ‘చిన్నారి పెళ్లికూతురు’లో చిన్నకోడలు ఆనందిని గడగడలాడించిన ముసలావిడ, ఆ ఇంటి తాళాలన్నీ తన చేతిలో పెట్టుకున్న నాయనమ్మ కల్యాణీదేవి ఆమే. అయితే తెలుగు ప్రేక్షకులు విన్న గొంతు ఆమెది కాదు. హిందీలో ఆమె నటనకు ఆయువుపట్టు ఆ గొంతే. ఇతర భాషల ప్రేక్షకులు ఆమెను సగమే చూశారనడానికి కారణం అదే.

‘సహాయ’ అనే మాటతో చిక్కు

జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో సహాయ నటుడు, సహాయ నటి విభాగాలు మొదటినుంచీ లేవు. 1984వ సంవత్సరపు చిత్రాలకు ఇచ్చిన 32వ పురస్కారాలతో అవి ఆరంభమయ్యాయి. తొలి సహాయ నటి ‘పార్టీ’ చిత్రంలో నటించిన రోహిణీ హట్టంగడి. ‘సీతారామయ్యగారి మనవరాలు’లో అక్కినేని నాగేశ్వరరావు భార్యగా తెలుగువారికి ఆత్మీయురాలైన నటి ఆమె. 1985లో మరాఠీ రంగస్థల దిగ్గజం విజయా మెహతా, 1987లో సురేఖా సిక్రీ, 1988లో ఉత్తరా బావ్‌కర్ ఎంపికయ్యారు. మొదటి ఐదేళ్ల విజేతల్లో కనీసం నలుగురు నాటకరంగంలో పేరు తెచ్చుకున్నాకే కెమెరా ముందుకు వచ్చినవారు. వీరిలో ముగ్గురు జాతీయ నాటక పాఠశాలలో చదివారు. దీన్ని కాకతాళీయంగా తీసివేయలేం. హిందీ సమాంతర సినిమాకు అవసరమైన పరిణత నటీమణులను ఆ రోజుల్లో అందించింది ప్రధానంగా రంగస్థలమే.

ఇక ఈ పదం సంగతి. ‘సహాయ నటి’ అన్నప్పుడు ఆ పాత్ర మరొక పాత్రకు ఊతంగా మాత్రమే ఉందనే అర్థం వస్తుంది. మన చిత్రపరిశ్రమలో ఈ మాట పురస్కారాల పత్రాల్లోనే కనిపిస్తుంది. సెట్‌లో ఎవరూ ‘సహాయ నటుడు’ అనరు, ‘క్యారెక్టర్ ఆర్టిస్టు’ అంటారు. హిందీలో దీనికి ‘చరిత్ర్ అభినేతా’ అనే చక్కని మాట ఉంది. అక్కడ చరిత్ర్ అంటే గుణం, స్వభావం, పాత్ర. దాన్ని తెలుగులోకి అలాగే తెస్తే ‘చరిత్ర నటుడు’ అవుతుంది, పాఠకుడు వెంటనే చారిత్రక చిత్రాల నటుడని పొరబడతాడు. అనువాదం చేసేవారికి ఎదురయ్యే చిన్న గుంటల్లో ఇదొకటి. మాట ఏదైనా, తెలుగు ప్రేక్షకుడికి ఈ కోవ నటుల విలువ కొత్తగా చెప్పనక్కరలేదు. ఎన్టీఆర్, ఏఎన్నార్ ఇద్దరూ ఉన్న 1962 నాటి చిత్రానికి సూర్యకాంతం పోషించిన పాత్ర పేరిట ‘గుండమ్మ కథ’ అని నామకరణం చేసుకున్న పరిశ్రమ ఇది.

అల్మోడా నుంచి అలీగఢ్ మీదుగా

సురేఖా సిక్రీ 1945 ఏప్రిల్ 19న ఢిల్లీలో జన్మించారు. తండ్రి వైమానిక దళంలో పనిచేశారు, తల్లి ఉపాధ్యాయిని. బాల్యం హిమాలయ పాదాల్లోని అల్మోడా, నైనితాల్ పట్టణాల్లో గడిచింది. అనంతరం అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయంలో చదివారు. ఉర్దూ ఉచ్చారణను ఒక మర్యాదగా పాటించే వాతావరణం అది. ఆమె మాటలో తర్వాత దశాబ్దాల పాటు వినిపించిన స్పష్టతకు ఈ నేపథ్యమూ ఒక కారణమని భావించవచ్చు.

నటి కావాలన్నది తొలుత ఆమె ఆశయం కాదు. ప్రఖ్యాత దర్శకుడు ఇబ్రహీం అల్కాజీ అలీగఢ్‌లో ‘కింగ్ లియర్’ నాటకాన్ని ప్రదర్శించినప్పుడు ముగ్ధురాలైంది ఆమె సోదరి. జాతీయ నాటక పాఠశాల దరఖాస్తు పత్రం తెప్పించుకున్నదీ ఆ సోదరే. ఆమె వెనక్కి తగ్గడంతో, తల్లి ప్రోద్బలం మీద అదే పత్రాన్ని సురేఖ నింపి పంపారని చెబుతారు. 1968లో ఆమె అక్కడ పట్టా పుచ్చుకున్నారు. 1962 నుంచి 1977 వరకు ఆ సంస్థకు సంచాలకుడిగా ఉన్న అల్కాజీ క్రమశిక్షణ విషయంలో ఎంత కఠినుడో భారతీయ నాటకరంగంలో అందరికీ తెలిసిందే. వేదిక మీద నటుడు ఎక్కడ నిలబడాలి, మాట చివరి అక్షరం ఆఖరి వరుసకు ఎలా చేరాలి అన్నవాటికి ఆయన దగ్గర మినహాయింపులు ఉండేవి కావు.

చదువు పూర్తయ్యాక వెంటనే బొంబాయి రైలెక్కడం ఆ తరంలో అనేకులు చేసిన పని. సురేఖ ఢిల్లీలోనే ఆగిపోయారు. నాటక పాఠశాలకు అనుబంధంగా నడిచే రెపర్టరీ కంపెనీలో దశాబ్దానికి పైగా పనిచేశారు. రెపర్టరీ అంటే నెలజీతం మీద నటులను నియమించుకుని, ఏడాది పొడవునా రకరకాల నాటకాలను ఆడించే బృందం. ఒక వారం ముఖ్యపాత్ర చేసినవారు మరో వారం గుంపులో ఒకరిగా నిలబడవలసి రావచ్చు. పాత్ర పొడవును బట్టి నటుడి స్థాయిని కొలిచే అలవాటు అక్కడ అలవడదు. మనోహర్ సింగ్, ఉత్తరా బావ్‌కర్ వంటివారు ఆ బృందంలో ఆమె సమకాలికులు. రంగస్థల కృషికి 1989లో సంగీత నాటక అకాడమీ ఆమెకు పురస్కారం ప్రకటించింది. అంటే సినిమా పురస్కారం వచ్చిన కొద్దికాలానికే నాటకరంగ పురస్కారమూ వచ్చింది.

ఆమె తొలి చిత్రం అమృత్ నహతా తీసిన ‘కిస్సా కుర్సీ కా’. అత్యవసర పరిస్థితి రోజుల్లో ఈ వ్యంగ్య చిత్రం మూల ప్రతులు ధ్వంసమయ్యాయి. తర్వాత మళ్లీ చిత్రీకరించి 1978లో విడుదల చేశారు. రాజకీయ చరిత్రలో ఆ చిత్రానికి దక్కిన చోటు ఆమె నటనా జీవితానికి పెద్దగా ఉపకరించలేదు. తరువాతి పదేళ్లు కూడా ప్రధానంగా నాటకాలవే.

తలుపు తెరిచిన రాజో

1988 జనవరిలో దూరదర్శన్ ‘తమస్’ ప్రసారం మొదలుపెట్టింది. సాహిత్య అకాడమీ పురస్కారం పొందిన భీష్మ సాహ్నీ నవలకు గోవింద్ నిహలానీ ఇచ్చిన తెరరూపం ఇది. దేశ విభజన వేళ పంజాబ్‌లోని ఒక పట్టణమూ చుట్టుపక్కల గ్రామాలూ మతకల్లోలంలో ఎలా కాలిపోయాయో చెప్పే కథ. ప్రసారాన్ని నిలిపివేయాలంటూ కోర్టుల్లో పిటిషన్లు పడ్డాయి. బొంబాయి హైకోర్టు న్యాయమూర్తులు స్వయంగా చూసి ప్రసారానికి అనుమతించారు, సుప్రీంకోర్టు కూడా ఆ అభిప్రాయాన్నే సమర్థించింది. దేశమంతటికీ ఒకే ఒక టీవీ వ్యవస్థ ఉన్న రోజులవి. కాబట్టి తెలుగు ఇళ్లలోనూ ఇది అసలు భాషలోనే, అసలు గొంతులతోనే వినిపించింది.

ఓం పురి, దీపా సాహీ వంటివారి పాత్రలు నడిపే ఈ సుదీర్ఘ కథలో సురేఖకు దక్కింది ఒక ముస్లిం గృహిణి పాత్ర, పేరు రాజో. తెరపై ఆమె కనిపించే నిడివి తక్కువ. ఊరు విడిచి పారిపోతున్న వృద్ధ సిక్కు దంపతులు హర్నామ్ సింగ్, బంతో ఒక అపరిచిత గ్రామంలో తలుపు తడతారు. ఆ ఇంట్లో మగవాళ్లు లేరు. వారు బయట లూటీల్లో తిరుగుతున్నారు. తిరిగివచ్చాక ఈ ఇద్దరినీ చూస్తే ఏం జరుగుతుందో రాజోకు తెలుసు. కోడలికి వీరిని రానివ్వడం ఇష్టం లేదు. అయినా రాజో తలుపు తీస్తుంది, అటక మీద దాస్తుంది. కాసేపటికి మగవాళ్లు ఒక ట్రంకుపెట్టె మోసుకొస్తారు. అది హర్నామ్ సింగ్ ఇంటి నుంచి దోచుకొచ్చినదే. చివరికి చీకట్లో ఆ దంపతులను ఊరు దాటించేటప్పుడు, ఆ పెట్టెలోంచి తీసిన నగల మూటను రాజో బంతో చేతిలో పెడుతుంది.

ఈ పాత్రను దయాసముద్రంలా చూపించడం నటికి సులువైన మార్గం. సురేఖ ఆ దారిన పోలేదు. తలుపు తీసేటప్పుడు ఆమె ముఖంలో కరుణ కంటే చిరాకు ముందు కనిపిస్తుంది. తన ఇంటికి వచ్చిపడిన ప్రమాదాన్ని లెక్కగట్టుకుంటున్న ఆడమనిషి చిరాకు అది. గొంతు కటువుగా ఉంటుంది. చేసే పని మాత్రం మెత్తనిది. మాటకూ చేతకూ మధ్య ఉన్న ఈ ఎడమే ఆ తర్వాత ఆమె పోషించిన అనేక పాత్రలకు ముద్రగా నిలిచిందన్నది ఈ వ్యాసకర్త అభిప్రాయం. అప్పటికి ఆమె వయసు 42. తెరపై మాత్రం అప్పుడే అత్తగారు.

అటక ఎక్కిన హర్నామ్ సింగ్ పాత్రను పోషించింది మరెవరో కాదు, నవల రాసిన భీష్మ సాహ్నీయే. బంతోగా దీనా పాఠక్ నటించారు. ఈ వివరం మళ్లీ అవసరమవుతుంది.

ఒకే పాత్ర, రెండు చిత్రాలు

పాత్రికేయుడు ఖాలిద్ మహమ్మద్ తన కుటుంబ చరిత్ర ఆధారంగా రాసిన మూడు కథలను శ్యామ్ బెనెగల్ చిత్రాలుగా తీశారు. ‘మమ్మో’ 1994లో, ‘సర్దారీ బేగమ్’ 1996లో, ‘జుబేదా’ 2001లో వచ్చాయి. హైదరాబాద్ శివారు తిరుమలగిరిలో పుట్టిపెరిగిన బెనెగల్ గురించి తెలుగు పాఠకులకు ప్రత్యేకంగా చెప్పవలసింది లేదు. ఈ మూడు చిత్రాల్లోనూ సురేఖ ఉన్నారు. రెండింటిలో ఒకే పాత్ర, ఫయ్యాజీ.

‘మమ్మో’ కథ వీసా చుట్టూ తిరుగుతుంది. విభజన తర్వాత లాహోర్‌లో స్థిరపడిన మెహమూదా బేగమ్, ముద్దుపేరు మమ్మో, భర్త మరణించాక ఆస్తి తగాదాలో బంధువుల చేత ఇల్లు వదిలించబడి బొంబాయిలోని సోదరి దగ్గరికి వస్తుంది. ఆ సోదరి ఫయ్యాజీ. చిన్న ఫ్లాటులో, చాలీచాలని రాబడితో, తల్లిదండ్రులు దగ్గర లేని మనవడు రియాజ్‌ను పెంచుతుంటుంది. పుట్టిన దేశంలో ఉండడానికి మమ్మో నెలనెలా అనుమతి పొడిగించుకోవలసిన పరిస్థితి. చివరికి పోలీసులు ఆమెను రైలెక్కించి సరిహద్దు దాటిస్తారు.

మమ్మోగా ఫరీదా జలాల్ గలగలా మాట్లాడుతూ, నవ్వుతూ, ఏడుస్తూ, ఇరుగుపొరుగు గొడవల్లో తలదూరుస్తూ తెరంతా నిండిపోతారు. ఆ పాత్ర స్వభావమే అంత. ఆమెకు ఎదురుగా సురేఖకు మిగిలింది వినడం, విసుక్కోవడం, ఖర్చు లెక్క వేసుకోవడం. సహాయ పాత్ర అసలు పని ఏమిటో అర్థం చేసుకోవాలంటే ఈ చిత్రాన్ని మించిన ఉదాహరణ దొరకదు. మమ్మో ఎంత ఉల్లాసంగా ఉన్నా ప్రేక్షకుడికి లోలోపల భయం వేస్తూనే ఉంటుంది. ఆ భయాన్ని పుట్టించేది ఫయ్యాజీ ముఖం. గడువు తేదీ ఆమెకు గుర్తుంది. చెల్లెలిని ఇంట్లో ఉంచుకోవాలన్న ఆరాటం, ఉంచుకుంటే మనవడికి ఏమవుతుందోనన్న దిగులు, ఈ రెండూ ఒకదానిమీదొకటి పడి ఆమె మాటను పొడిగా చేస్తాయి.

మరి ‘జుబేదా’? కథాకాలం ప్రకారం అది ‘మమ్మో’ కంటే ముందటిది. ఫయ్యాజీ కూతురు జుబేదా, పాత్రధారిణి కరిష్మా కపూర్, సినిమాల్లో నటించాలని ఆశపడుతుంది. అమ్రిష్ పురి పోషించిన తండ్రి సులేమాన్ సేఠ్ ఆ ఆశను తుంచేస్తాడు. తర్వాత ఆమె ఒక సంస్థానాధీశుడికి రెండో భార్య అవుతుంది. ఆ ఇద్దరూ విమాన ప్రమాదంలో మరణిస్తారు. అమ్మమ్మ చేతికి మనవడు మిగులుతాడు. అంటే 1994లో మనం చూసిన ఆ పొడిబారిన స్త్రీ అలా ఎందుకయిందో ఏడేళ్ల తర్వాత తెలిసింది. భర్త మాటకు ఎదురుచెప్పలేక, కూతురి ఆశను కాపాడలేక గుమ్మం దగ్గర నిలబడిపోయిన తల్లిగా సురేఖ ఇందులో కనిపిస్తారు. రెండు చిత్రాలనూ కథాక్రమంలో, అంటే ‘జుబేదా’ తర్వాత ‘మమ్మో’ చూసినవారికి, ఒక నటి వెనక్కి నడుచుకుంటూ వెళ్లి తన పాత్ర గతాన్ని నింపిన తీరు బోధపడుతుంది. మన చిత్రాల్లో ఇటువంటి అవకాశం నాయికలకే అరుదు.

సయీద్ మీర్జా ‘సలీమ్ లంగ్డే పే మత్ రో’, ‘నసీమ్’ చిత్రాల్లోనూ, రితుపర్ణ ఘోష్ ‘రెయిన్‌కోట్’లోనూ, బెర్నార్డో బెర్టొలూచీ ‘లిటిల్ బుద్ధ’లోనూ ఆమె నటించారు. ఎక్కువ పాత్రలు తల్లివో అమ్మమ్మవో.

ఇప్పుడు భీష్మ సాహ్నీ వివరం దగ్గరికి వద్దాం. 2002లో అపర్ణా సేన్ దర్శకత్వంలో ‘మిస్టర్ అండ్ మిసెస్ అయ్యర్’ వచ్చింది. కొండదారిలో వెళుతున్న బస్సును మతోన్మాద మూక ఆపుతుంది. ప్రయాణికుల్లో ఇక్బాల్, నజ్మా అనే వృద్ధ ముస్లిం దంపతులు ఉంటారు. ప్రాణభయంతో ఒక తోటి ప్రయాణికుడు వారిని వేలెత్తి చూపిస్తాడు. మూక వారిని దింపి లాక్కుపోతుంది. ఆ తర్వాత వారు తెరపైకి రారు. ఇక్బాల్‌గా నటించింది భీష్మ సాహ్నీ, నజ్మాగా సురేఖా సిక్రీ. ‘తమస్’లో ఆయన సిక్కు, తలుపు తట్టినవాడు. ఆమె ముస్లిం, తలుపు తెరిచింది. పద్నాలుగేళ్ల తర్వాత అదే ఇద్దరూ ముస్లిం దంపతులుగా ఒక బస్సు సీటులో కూర్చున్నారు. ఈసారి వారిని దాచడానికి అటక లేదు. రెండు చిత్రాలూ చూసినవారికి ఈ దృశ్యం కలిగించే కలవరం ఏ సంభాషణలోనూ లేదు, నటుల ఎంపికలో ఉంది. సాహ్నీ మరుసటి ఏడాదే కన్నుమూశారు.

కల్యాణీదేవి ఎవరి గొంతుతో మాట్లాడింది?

రెపర్టరీ జీతమూ సమాంతర సినిమా పారితోషికమూ జీవితాంతం సాగే ఆదాయం కావు. 1990ల నుంచి టీవీ ధారావాహికలు ఆ తరం రంగస్థల నటులకు కొత్త ఆధారమయ్యాయి. ‘బనేగీ అప్నీ బాత్’ వంటి వాటి తర్వాత, 2005లో మొదలైన ‘సాత్ ఫేరే’తో సురేఖ ప్రతి సాయంత్రం ఇంటింటికీ వచ్చే ముఖమయ్యారు. 2008 జులై 21న కలర్స్ చానల్ ప్రారంభమైన రోజునే ‘బాలికా వధు’ కూడా మొదలైంది. 2016 జులై వరకు రెండు వేలకు పైగా భాగాలు ప్రసారమయ్యాయి. తెలుగులో ‘చిన్నారి పెళ్లికూతురు’ అయింది ఇదే.

రాజస్థాన్ గ్రామంలో బాల్యవివాహాల సంప్రదాయం ఈ కథకు వస్తువు. బాల్య వివాహాల నిషేధ చట్టం 2006 అమల్లోకి వచ్చి ఏడాది కూడా తిరగని సమయం అది. చిన్నారి ఆనందిగా నటించిన అవికా గోర్‌ను తెలుగు ప్రేక్షకులు ఎంతగా అక్కున చేర్చుకున్నారంటే, ఆమె 2013లో ‘ఉయ్యాల జంపాల’తో ఇక్కడ కథానాయికే అయ్యారు.

కల్యాణీదేవి పాత్ర మొదట్లో పూర్తిగా ప్రతినాయిక ఛాయతో ఉంటుంది. వయసు మీరిన కొడుకు కోసం పేదింటి పిల్ల గెహనాను డబ్బిచ్చి తెచ్చుకునేదాకా ఆ కాఠిన్యం వెళుతుంది. తర్వాత్తర్వాత, మనవడు జగదీశ్ ఆనందిని వదిలేసినప్పుడు, నాయనమ్మ సొంత రక్తాన్ని కాదని ఆనంది పక్షాన నిలుస్తుంది. ఏళ్ల తరబడి సాగే ధారావాహికల్లో ఇలాంటి మార్పు రచయితల అవసరం కొద్దీ ఒక్క వారంలో జరిగిపోతుంటుంది. ఇక్కడ మార్పు నమ్మదగినట్లు ఉండడానికి కారణం, తొలి భాగాల్లోనే సురేఖ ఆ కాఠిన్యంలో ఒక చిన్న పగులు ఉంచడం. ఆనందిని తిట్టిన తర్వాత ఒక్క క్షణం ఆమె చూపు పక్కకు తిరిగేది. కల్యాణీదేవి యవ్వనాన్ని చూపే ఘట్టాల్లో నటించింది ఆమె సోదరి కుమార్తె, నసీరుద్దీన్ షా కూతురు హీబా షా.

హిందీ మూలంలో ఈ పాత్ర భాష ప్రామాణిక హిందీ కాదు. రాజస్థానీ పలుకుబడి కలిపి మాట్లాడుతుంది. నకారం బదులు ణకారం, ‘నా’, ‘నీ’ అనడానికి మార్వాడీ రూపాలు, వాక్యం చివర కొరడా ఝళిపించినట్టు విరిచే ఒక ఊనిక. ధాటిగా సాగుతున్న మాట ఉన్నట్టుండి కిందిస్థాయికి దిగి, దాదాపు గుసగుసగా ఆగేది. ఎదుటి పాత్ర భయపడేది అరుపుకు కాదు, ఆ దిగుడుకు.

తెలుగు డబ్బింగులో ఇవేవీ రావు. రావడం అసాధ్యం కూడా. పెదవుల కదలికకు సరిపడా మాటలు కూర్చాలి, రోజుకొక భాగం సిద్ధం కావాలి. రాజస్థానీ యాసకు సమానంగా ఏ తెలుగు యాస పెట్టాలన్న ప్రశ్నకు జవాబు లేదు. తెలంగాణ మాటతీరు పెడితే ఒక అర్థం, రాయలసీమది పెడితే మరొకటి, పెట్టకపోతే ఇంకొకటి. అందుకే డబ్బింగు ధారావాహికల్లో అందరూ ఒకే రకపు పుస్తకపు తెలుగు మాట్లాడతారు. డబ్బింగు కళాకారుల శ్రమను తక్కువ చేయడం ఇక్కడ ఉద్దేశం కాదు. ఆ నాయనమ్మను తెలుగు ఇళ్లకు చేర్చింది వారే. కానీ నటనలో సగం కంఠంలోనే ఉన్న ఒక నటిని, కంఠం లేకుండా మనం ఎనిమిదేళ్ల కథలో చూశాం. కళ్లూ, పైట సవరించుకునే తీరూ, కూర్చున్న చోటు నుంచి లేవకుండానే గదిని శాసించడమూ మాత్రమే మనదాకా వచ్చాయి. అవే ఇంత ప్రభావం చూపాయి.

మేరఠ్ మాట

‘బధాయీ హో’ 2018 అక్టోబరులో విడుదలైంది. పెళ్లీడు కొడుకున్న మధ్యతరగతి ఇల్లాలు మళ్లీ గర్భం దాల్చడంతో ఇంట్లో రేగే కలకలం ఈ హాస్యచిత్రం కథ. తల్లిదండ్రులుగా నీనా గుప్తా, గజరాజ్ రావ్, కొడుకుగా ఆయుష్మాన్ ఖురానా నటించారు. నాయనమ్మ దుర్గాదేవి కౌశిక్ పాత్ర సురేఖది. ఆమె మాట్లాడేది పశ్చిమ ఉత్తరప్రదేశ్‌లోని మేరఠ్ ప్రాంతపు ఖడీబోలీ. ప్రామాణిక హిందీకి పుట్టినిల్లు ఆ మాండలికమే అయినా, వినడానికి అది మొరటుగా, కోసినట్టు ఉంటుంది. విషయం తెలిసిన మొదటి రాత్రి ముసలావిడ వేసే కేకలకు ప్రేక్షకులు పొట్ట చెక్కలయ్యేలా నవ్వుతారు. తర్వాత మేరఠ్‌లో బంధువుల పెళ్లిలో, పెద్ద కోడలూ కూతురూ కలిసి గర్భవతి అయిన కోడలిని ఎగతాళి చేసినప్పుడు, అదే కంఠం అదే కరకుదనంతో వారి మీదికి తిరుగుతుంది. తాను మంచాన పడినప్పుడు తన బాగోగులు చూసింది ఎవరో నిలదీస్తుంది. నవ్వించిన యాసను ఒక్క అక్షరం మార్చకుండా కంటతడి పెట్టించడానికి వాడుకున్న ఘట్టం అది. కటువైన మాట, మెత్తని చేత. రాజో ఇక్కడా ఉంది.

‘తమస్’లో పంజాబ్ పల్లె మాట, ‘మమ్మో’లో బొంబాయి ముస్లిం ఇంటి ఉర్దూ, ‘బధాయీ హో’లో మేరఠ్ ఖడీబోలీ. మూడు జాతీయ పురస్కారాలూ మూడు వేర్వేరు పలుకుబడులకు వచ్చాయి.

పని అడిగిన ఏడాది

సహాయ నటి పురస్కారంతో వచ్చేవి రజత కమలం, ప్రశంసాపత్రం, 66వ పురస్కారాల నాటికి 50 వేల రూపాయల నగదు. పింఛను లాంటిదేమీ ఉండదు. ‘బధాయీ హో’ విజయం తర్వాత అవకాశాలు వచ్చే వేళకు 2018 చివర్లో చిత్రీకరణ సమయంలోనే ఆమె పక్షవాతానికి గురయ్యారు. కొంత కోలుకున్నాక 2020 జనవరి 1న నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన ‘ఘోస్ట్ స్టోరీస్’లో, జోయా అఖ్తర్ దర్శకత్వం వహించిన భాగంలో మంచాన ఉన్న వృద్ధురాలిగా కనిపించారు. అదే చివరి చిత్రమైంది.

కరోనా లాక్‌డౌన్ తర్వాత 2020 మే 30న మహారాష్ట్ర ప్రభుత్వం చిత్రీకరణలకు నిబంధనలు విడుదల చేసింది. 65 ఏళ్లు పైబడినవారిని సెట్‌లోకి అనుమతించకూడదన్నది వాటిలో ఒకటి. ఉద్దేశం ఆరోగ్య రక్షణే. కానీ నాయనమ్మ పాత్రలు వేసేవారందరూ ఒక్క కలంపోటుతో నిరుద్యోగులయ్యారు. తారలకు అది కొన్ని నెలల విశ్రాంతి. రోజువారీ పారితోషికం మీద బతికే క్యారెక్టర్ ఆర్టిస్టులకు కాదు. సురేఖ దీనిని బహిరంగంగా వ్యతిరేకించారు. తనకు విరాళాలు అక్కరలేదని, గౌరవంగా పనిచేసుకునే అవకాశం కావాలని ఆమె అప్పట్లో పత్రికలతో అన్నారు. ఒక సీనియర్ నటుడు వేసిన పిటిషన్‌పై బొంబాయి హైకోర్టు ఆగస్టు 7న ఆ నిబంధనను కొట్టివేసింది. ఇతర రంగాల్లో 65 దాటినవారు దుకాణాలు తెరుచుకోవచ్చు, పనిలోకి వెళ్లవచ్చు అన్నప్పుడు కళాకారులకు మాత్రమే నిషేధం వివక్ష అవుతుందన్నది తీర్పు సారాంశం.

మరుసటి నెలలోనే, సెప్టెంబరులో, ఆమెకు రెండోసారి పక్షవాతం వచ్చింది. మళ్లీ సెట్‌కు వెళ్లడం కుదరలేదు. 2021 జులై 16న ముంబైలో గుండెపోటుతో కన్నుమూశారు. వయసు 76.

‘చిన్నారి పెళ్లికూతురు’తోనే ఆమెను ఎరిగినవారు అసలు గొంతు వినదలిస్తే ‘బధాయీ హో’ సులువైన ప్రవేశం. మేరఠ్ యాస తొలి పది నిమిషాలు కొంత ఇబ్బంది పెట్టవచ్చు. ‘జుబేదా’, ‘మమ్మో’ చిత్రాలను ఆ వరుసలోనే చూడడం మేలు. ‘తమస్’ నిడివి దాదాపు ఐదు గంటలు, రాజో కోసం చాలాసేపు వేచి ఉండాలి.